నిండు బండికి కాలవ ఏ వైపు

ట్రాక్టరు వెనక తగిలించే ట్రక్కు రంగు చూసి దాని యజమాని ఎలాంటి మనిషో చెప్పగలిగిన రోజులవి. పక్కలకి పచ్చ చిలకలు వేయించుకుంటే కొత్తగా పెళ్ళయినవాడు. వెనక తలుపు మీద గొర్రెపిల్లను ఎత్తుకున్న ఏసుప్రభువునో, ఏడుకొండలవాణ్ణో వేయించుకుంటే అప్పటికే ఒకసారి కాలవలో బోల్తా కొట్టినవాడు. బొమ్మలేం వద్దు, ఎర్రమట్టి రంగు ఒక్క పూత చాలన్నాడంటే మజ్జిగ కూడా కొలిచి పోసే మనిషి. ఇప్పుడు ట్రక్కులన్నీ కంపెనీ నుంచి ఒకే రంగులో దిగుతున్నాయి, మనుషుల గుట్టు దాగిపోతోంది. ఆ రోజుల్లో నేను విజయవాడ ఆటోనగర్‌లో ఒక ట్రక్కుల షెడ్డులో పెయింటర్ని. పంతొమ్మిదేళ్ళవాణ్ణి. తొమ్మిదో తరగతి మధ్యలో లెక్కల మాష్టారూ నేనూ ఒకరి ముఖం ఒకరు చూసుకోలేని స్థితికి వచ్చాం. ఇద్దరిలో ఒకరు బడి మానక తప్పదని తేలాక, ఆయన పిల్లలు గలవాడు కదా అని నేనే తప్పుకున్నాను. షెడ్డులో నన్ను లప్పం అని పిలిచేవారు. రంగు వేసే ముందు సొట్టలూ సందులూ పూడ్చటానికి రాసే ముద్దే లప్పం. ఏ ఇద్దరు మాట్లాడుకుంటున్నా మధ్యలో దూరిపోతానని మా మేస్త్రీ గారు పెట్టిన పేరది. (ఇప్పటికీ ఆ పేరుతో పిలిస్తే పలుకుతాను. అసలు పేరుతో పిలిస్తే ఎవరో బ్యాంకు వాళ్ళనుకుంటాను.)

షెడ్డు మేస్త్రీ గారిదే. ఆయనకు చదువు రాదు. చదువుకు బదులు గోడకు రెండు మేకులు కొట్టుకున్నారు. ఎడమ మేకుకు కొలతల కాగితాలు, కుడి మేకుకు రంగుల కాగితాలు. రైతులు కేలండర్ బొమ్మో, ఎరువుల కంపెనీ కరపత్రమో పట్టుకొచ్చి "ఇట్టా వెయ్యండి" అంటే అది కుడి మేకుకు ఎక్కేది, నేను చూసి ట్రక్కు మీదికి దించేవాణ్ణి. ఏ కాగితం ఏ మేకుకో తేల్చటానికి ఆయన సూత్రం తేలిక. నల్లగా ఉంటే కొలతలు, రంగులుంటే రంగులు. ఇరవై ఏళ్ళుగా ఆ సూత్రం ఒక్కసారీ తప్పలేదు. ఇంకో అలవాటు కూడా ఉండేది. ట్రక్కు ఒప్పుకునే ముందు ప్రతి రైతునూ ఒకే ఒక్క ప్రశ్న అడిగేవారు. "నిండు బండితో ఇంటికొచ్చేటప్పుడు కాలవ ఏ చేతి వైపుంటదండీ?" మా డెల్టాలో పొలం దారంటే కాలవ గట్టే, గట్టు ఎప్పుడూ కాలవ వైపే వాలి ఉంటుంది. బరువుతో ఉన్న ట్రక్కు అటు ఒరిగిపోకుండా, రైతు చెప్పిన వైపున వెనక చక్రం పైన, బరువుకు ఊగే ఉక్కు పట్టీల కమాన్‌కట్టకూ చట్రానికీ మధ్య ఒక అంగుళం మందాన ఇనుప ప్యాకింగ్ పెట్టేవారు. ఇది ఏ కాగితం మీదా ఉండేది కాదు, ఏ మేకుకూ వేలాడేది కాదు.

పామర్రు దగ్గర రైతు గారొకరికి వరసగా రెండు పంటల మాసూళ్ళలోనూ ట్రక్కు చట్రం విరిగింది. మూడోది మా దగ్గర చేయించుకుంటానని వచ్చారు. ఆయన మేనకోడలు మైలవరం వైపు ఒక ఇంజనీరింగ్ కాలేజీలో పాఠాలు చెబుతూ, తనూ పై చదువు చదువుకుంటోంది. చదువు పూర్తి కావాలంటే ఒక ప్రాజెక్టు చేసి చూపించాలట. "మావయ్యా, ఈసారి ఎక్కడ విరుగుద్దో విరక్కముందే నేను చెబుతా" అని మా షెడ్డుకొచ్చి, టేపుతో అన్నీ కొలుచుకుని వెళ్ళింది. వారం తర్వాత మళ్ళీ వచ్చి ఒక పెద్ద కాగితం మేస్త్రీ గారి ముందు పరిచి, ఇదిగో ఇక్కడిక్కడ దళసరి రేకు వెయ్యండి అని చూపించింది. ఆయన వేశారు. ఇదంతా జరిగిన రెండుసార్లూ నేను గవర్నర్‌పేటలో రంగు డబ్బాల కోసం కొట్టు కొట్టూ తిరుగుతున్నాను. నా జన్మలో ఇద్దరు మాట్లాడుకునే చోట నేను లేకుండా పోయింది ఆ రెండుసార్లే, అవే కొంప ముంచాయి.

తర్వాత మేస్త్రీ గారు వాళ్ళ చర్చి సంఘం కూటాలకు మూడు రోజులు వెళ్ళారు. వెల్డింగ్ పూర్తయిన ట్రక్కు షెడ్డు మధ్యలో నిలబడి ఉంది. ఫోన్ చేశాను. వెనక ప్రసంగం వినిపిస్తోంది, ఆయన గొంతు తగ్గించి మాట్లాడుతున్నారు.

"మేస్త్రీ గారూ, పామర్రు ట్రక్కుకి రంగు మొదలెట్టమంటారా?"

"మొదలెట్టరా. మేకుకున్న కాగితం చూసి వేసెయ్."

చూశాను. కుడి మేకుకు ఒక కాగితం. దాని మీద ట్రక్కు బొమ్మ, తొట్టీ చట్రమూ సహా. నా చేతిలోకి అలాంటి బొమ్మ అంతకు ముందెప్పుడూ రాలేదు. చట్రం నడుమ ఎరుపు, దాని చుట్టూ నారింజ, తర్వాత పసుపు, పచ్చ, ఆకాశం రంగు, చివర మూలల్లో చిక్కటి నీలం. ఎక్కడా గీత లేకుండా ఒకదాంట్లోకి ఒకటి కరిగిపోతున్నాయి. పైగా ట్రక్కు ఒళ్ళంతా సన్న గీతలతో త్రికోణాలు. బోల్టు రంధ్రాల దగ్గర అవి నువ్వుగింజలంత చిన్నవైపోయాయి. గీసినవాడికి ఇదేం చాదస్తం అనుకున్నాను. ఇంకో తమాషా, బొమ్మలో ట్రక్కు నడుం కుంగిపోయి వానకు తడిసిన అట్టపెట్టెలా ఉంది. పాపం చెయ్యి తిరగనివాడు అనుకుని ఆ ఒక్క విషయంలో మాత్రం మర్యాదకి తిన్నగానే వేశాను. మిగతాదంతా ఉన్నదున్నట్టే. రంగు రంగులో కలిసేచోట స్ప్రే గన్నుతో గాలి ఎంత వదలాలో తెలుసుకోవటానికి ఒక పాత రేకును బలిచ్చాను. త్రికోణాలకు సన్న కుంచె పట్టుకుని రెండు రోజులు ట్రక్కు కింద వెల్లకిలా పడుకున్నాను. బొమ్మ పక్కన తొమ్మిది రంగుల పట్టీ, దాని వెంట అంకెలు ఉన్నాయి. అంకెల మధ్యలో ఇంగ్లీషు అక్షరం ఒకటీ, కూడిక గుర్తూ. ఇదేమిటో మా లెక్కల మాష్టారైతే చెప్పి ఉండేవాడని మొట్టమొదటిసారి ఆయన గుర్తొచ్చాడు. అర్థం కాకపోయినా ఆ పట్టీని అంకెలతో సహా వెనక తలుపు మీద దించేశాను. మూడో రోజు సాయంత్రానికి లేచి నిలబడి చూస్తే, అది నా జీవితంలో అన్నిటికన్నా మంచి పని. (ఆ మాట ఇవాళ్టికీ వెనక్కి తీసుకోను.)

మర్నాడు పొద్దున మేస్త్రీ గారు దిగారు. ఆయన వెనకే పామర్రు రైతు గారి కారు. అందులోంచి రైతు గారు, పాఠాలు చెప్పే ఆ మేనకోడలు మేడం, ఆవిడ ప్రాజెక్టు మీద సంతకం పెట్టాల్సిన పెద్దాయన దిగారు. ఆయన్ని మేడం గైడు సారు అంది. ఆ రోజు ట్రక్కు నిండా ఇసుక బస్తాలు వేసి, ఆవిడ చెప్పిన లెక్కకు ఇనుము ఒప్పుకుంటుందో లేదో ఆయన కళ్ళతో చూడాలని వచ్చారు. ట్రక్కును చూసిన మేడం ముఖం ఏ రంగులోకి మారిందో చెప్పలేను, ఆ షేడు నా దగ్గర ఎప్పుడూ లేదు.

"ఏంటమ్మా ఇది?" అన్నారు గైడు సారు.

"నా రిజల్టు సార్."

"రిజల్టు రిపోర్టులో ఉండాలి గదమ్మా. ట్రక్కు మీదుందేంటి?"

రైతు గారు చుట్టూ రెండుసార్లు తిరిగారు. "బానే ఉందే. మా ఊళ్ళో ఎవరికీ లేదిట్టాంటిది. ఏమయ్యా, ఆ వెనక రాసింది ఫోన్ నంబరా?"

"ఒరే లప్పం, ఇదేం పనిరా?" అన్నారు మేస్త్రీ గారు.

"మేకుకున్నదే వేశానండీ."

"ఏ మేకుకి?"

"కుడి మేకుకండీ."

ఆయన గోడ వంక చూశారు. ఆ కాగితం చేత్తో తగిలించింది తనే. ఇరవై ఏళ్ళ సూత్రం కళ్ళ ముందు కూలిపోతుంటే మనిషికి ఎవరి మీదో ఒకరి మీద కోపం రావాలి కదా, నేను దగ్గర్లో ఉన్నాను. నా స్ప్రే గన్ను తీసి ఇనుప పెట్టెలో పెట్టి తాళం వేశారు. "సారు సంతకం పెడితేనే ఇది మళ్ళీ నీ చేతికొచ్చేది. ఆ పిల్ల చదువు నీ మూలాన ఆగిందంటే, గన్ను మర్చిపోయి లారీలు కడుక్కో." గైడు సారు ఆ మాట విన్నారు, కరగలేదు. "రంగులు ఎవరైనా వేస్తారమ్మా" అని నా వైపు ఒక చూపు చూసి, "ఇనుము ఒప్పుకోవాలి. ఒప్పుకోకపోతే ఇంకో ఆర్నెల్లు చేద్దువుగాని" అన్నారు.

బస్తాలు ఎక్కుతున్నాయి. నేను మేడం పక్కకు చేరాను. క్షమించమని అడుగుదామనే వెళ్ళాను, కానీ నోట్లోంచి ప్రశ్న వచ్చింది. "మేడం, ఇంతకీ ఆ ఎరుపేంటండీ?"

ఆవిడ తిట్టే ఓపిక కూడా లేక చెప్పింది. "బరువు వేస్తే ఇనుము ఎక్కడ ఎక్కువ కష్టపడుద్దో అక్కడ ఎరుపు తమ్ముడూ. నీలమంటే హాయిగా ఉన్నట్టు."

"కంప్యూటర్‌కి ఎట్టా తెలుసండీ? అది ఎప్పుడూ మూట మోసి ఉండదు గదా."

ఆవిడ నన్ను మొదటిసారి తిన్నగా చూసింది. "మా మావయ్య పొలంలో నడిమి మడిలో నీళ్ళెంతున్నాయో ఇక్కడ నుంచుని చెప్పగలవా?"

"నేనెట్టా చెబుతానండీ."

"పక్క మళ్ళల్లో ఎంతుందో తెలిస్తే?"

"కొంచెం చెప్పొచ్చండీ."

"ఆ పక్క మడి సంగతి దాని పక్కదాన్ని అడగాలి. అట్టా అడుక్కుంటూ పోతే ఎక్కడ ఆగుతావ్?"

"కాలవ తూము దగ్గరండీ."

"అంతే. ఇనుము ఎట్టా వంగుద్దో చెప్పే సమీకరణం ఒకటుంది. దాన్ని మొత్తం ట్రక్కుకి ఒకేసారి సాధించటం ఎవరి వల్లా కాదు. అందుకని ఈ సాఫ్ట్‌వేర్ ట్రక్కుని వేల ముక్కలుగా కోస్తుంది. నువ్వు వేసిన త్రికోణాలు అవే. ప్రతి ముక్కా పక్క ముక్కని అడుగుద్ది, నువ్వెంత వంగావు, నా మీదికి ఎంత తోస్తున్నావు అని. అందరి జవాబులూ కలిసేదాకా లెక్క కడుతుంది. ఫైనైట్ ఎలిమెంట్ అంటారు. అంచుల దగ్గర ఏముందో మాత్రం దానికి తెలీదు, మనమే చెప్పాలి. అది తప్పు చెబితే లోపలంతా తప్పే."

పక్కవాళ్ళ సంగతులు పక్కవాళ్ళను అడగటం మీదే నడిచే శాస్త్రం ఒకటుందని ముందే చెప్పి ఉంటే నేను బడి మానేవాణ్ణే కాదు. నాలో సందేహాలు పొంగుకొచ్చాయి. రంధ్రాల దగ్గర ముక్కలు అంత చిన్నవెందుకండీ అంటే, అనుమానం ఎక్కువున్న చోట చిన్నగా కోస్తామంది. మరి ట్రక్కు నడుం అంత కుంగిపోయిందేంటండీ అంటే, నిజంగా వంగేది వెంట్రుకంతే, కంటికి కనపడాలని వంద రెట్లు పెంచి చూపిస్తుందంది. మా పిన్నీ అంతే, అన్నాను. ఆవిడకు నవ్వొచ్చింది, గైడు సారు చూస్తున్నారని ఆపుకుంది.

ఆఖరి బస్తా పడింది. మేడం ఎర్ర చోటు కింద గడియారం లాంటి మీటరు పెట్టి ముల్లు చూసింది. తన లెక్కకు దగ్గర్లోనే ఉంది. ఆవిడ భుజాలు కాస్త దిగాయి. నేను నా రంగు ఎక్కడైనా చెడిందేమోనని (ఎవరి పిల్లలు వాళ్ళకు ముద్దు) ట్రక్కు కిందికి దూరాను. వెనక ఎడమ మూల చిక్కటి నీలం వేసిన చోట, వెల్డింగ్ గడ్డలు కనపడకూడదని మందంగా లప్పం రాశాను. ఆ నీలంలో సన్నగా ఒక చీలిక. నేను చూస్తుండగానే ఇంకో వెంట్రుక వాసి సాగింది.

నీలమంటే హాయిగా ఉన్నట్టని ఆవిడ అప్పుడే చెప్పింది. హాయిగా ఉన్నది చీలటమేమిటి? ఇది బయటపడితే ఇనుము ఒప్పుకోనట్టే, సంతకం పోయినట్టే, గన్ను పెట్టెలోనే ఉండిపోయినట్టే. నా జేబులో కాస్త తడి లప్పం ఎప్పుడూ ఉండేది. ఒక్కసారి బొటనవేలితో అదిమితే ఈ లోకంలో ఎవరికీ తెలీదు. వేలు పెట్టాను కూడా. కానీ వేలు పెట్టినవాణ్ణి ఊరుకోకుండా కుడి మూల వైపు చూశాను. అక్కడా అదే లప్పం, అంతే మందం. చెక్కుచెదరలేదు. అది చూశాక నాకు సంతకం కన్నా, గన్ను కన్నా ఇదెందుకిలా అయిందన్నదే ఎక్కువైపోయింది.

"అక్కడ వేలెందుకు పెట్టావు?" మేడం వంగి చూస్తోంది.

వేలు తీశాను.

గైడు సారు కూడా వంగారు. "రంగు పగిలింది, అంతేగా" అన్నారు.

"కాదండీ. కుడి మూల కూడా అదే డబ్బా, అదే చెయ్యి, అదే రోజు రాసింది. లప్పం తప్పయితే రెండూ పగలాలి గదండీ. ఇటు వైపు ఇనుము మెలి తిరుగుతోంది." కిందనుంచి బయటికి వచ్చి నిలబడ్డాను. అప్పుడు తట్టింది. "మేడం, మీ కంప్యూటర్‌కి కాలవ ఏ వైపుందో చెప్పారా?"

"కాలవేంటి?"

అందరం మేస్త్రీ గారి వైపు తిరిగాం. ఆయన తల గోక్కున్నారు. "ఎడం చేతి వైపని మీ మావయ్య గారు చెప్పారండీ. అందుకని వెనక ఎడం చక్రం మీద అంగుళం ప్యాకింగ్ పెట్టా."

"నాకు చెప్పలేదేంటండీ? కొలతలన్నీ ఇమ్మన్నాను గదా."

"అది కొలత కాదమ్మా. అలవాటు."

మేడం అలాగే ట్రక్కు నీడలో కూర్చుండిపోయింది. నాలుగు చక్రాల మీదా చట్రం ఒకే ఎత్తున కూర్చుందని ఆవిడ కంప్యూటర్‌కి చెప్పింది. అసలు ట్రక్కేమో ఒక కోడు కింద ఇటుక పెట్టిన మంచంలా ఉంది. మంచం మీద ఎవరు పడుకున్నా మెలి తిరిగేది ఆ ఇటుక ఉన్న మూలే. ఆవిడ లేచి, లాప్‌టాప్ తెచ్చి నా రంగు డబ్బా మీద పెట్టి, ఆ అంగుళాన్ని లెక్కలో చేర్చి మళ్ళీ నడిపించింది. తెర మీద ఒక పట్టీ చీమలా పాకుతోంది. లోపల ఫ్యాను మా గ్రైండరు కన్నా ఒక్క పిసరు తక్కువగా అరుస్తోంది. రైతు గారు వేడి పునుగులు తెప్పించారు. వాటికి ఎవరూ చెయ్యి చాపలేదు. వేల ముక్కలు ఒకదాన్నొకటి అడుక్కుంటున్నాయన్న ఆలోచనకే నాకు ఆకలి పోయింది. ఏ ముక్క ఏమంటోందో వినపడితే బాగుండుననిపించింది. గైడు సారు స్టూలు దగ్గరికి లాక్కున్నారు.

బొమ్మ వచ్చింది. నడుమ ఎరుపు కాస్త తగ్గి, వెనక ఎడమ మూల మిరపపండులా ఎర్రబడి ఉంది. మేడం ఒక వేలు తెర మీద ఆ మూలన పెట్టి, మొహం తిప్పి ట్రక్కు మూలన నా బొటనవేలి మచ్చను చూసింది. గైడు సారు లేచి కుడి మూలకు వెళ్ళి గోటితో లప్పాన్ని తట్టి, ఎడమ మూలకొచ్చి తట్టి, నా దగ్గర ఆగారు.

"ఎంతదాకా చదివావు?"

"తొమ్మిదిలో సగం సార్."

"మిగతా సగం?"

"లెక్కల మాష్టారికి వదిలేశాను సార్."

ఆయన జేబులోంచి పెన్ను తీశారు. "ఆ అలవాటు సంగతి ఒక అధ్యాయం రాయమ్మా" అని మేడంతో అని, కారు బానెట్ మీద ఫైలు పెట్టి సంతకం చేశారు. పెట్టె తాళం తీసిన చప్పుడు నాకు ఆ సంతకం కన్నా ముందే వినిపించింది. మేస్త్రీ గారు గన్ను నా చేతిలో పెట్టి, వెళ్ళి గోడకు మూడో మేకు కొట్టారు. రంగులూ కొలతలూ రెండూ ఉన్న కాగితాల కోసం. ఆ రోజు నుంచి ప్రతి కాగితం మీదా ఒక మూల నా చేత కాలవ బొమ్మ వేయించేవారు.

ఎడమ మూలకు దళసరి రేకు పడింది. రంగు మార్చటానికి రైతు గారు ఒప్పుకోలేదు. "ఆ మూల ఒక్కటీ ఎరుపు వెయ్యి, చాలు" అన్నారు. ఆ మాసూళ్ళకు పామర్రు చుట్టుపక్కల బస్తాలెత్తే ముఠా కూలీలు ఎర్ర చోట ఒక వరస తక్కువే వేసేవాళ్ళట. ఎవరో నేర్పితే కాదు, ఎర్రగా ఉంది కదా అని. ట్రక్కు విరగలేదు.

ఇప్పుడు నేను గవర్నర్‌పేటలోనే ఒక రంగుల కొట్టులో కౌంటర్ వెనక ఉన్నాను. షేడు నంబరు చెబితే మిషనే కలిపి ఇస్తుంది. ట్రక్కుల కింద వెల్లకిలా పడుకున్న రోజులకు నడుం ఇప్పుడు లెక్క అడుగుతోంది. మేస్త్రీ గారు పోయి మూడేళ్ళయింది. మొన్నామధ్య పామర్రు సెంటర్లో బస్సు కోసం నిలబడితే ధాన్యం బస్తాలతో ఒక ట్రక్కు వచ్చి టీ కొట్టు ముందు ఆగింది. వెనక తలుపు మీద రంగు కింద నుంచి అంకెలు లీలగా ఉబ్బెత్తుగా కనపడుతున్నాయి. నా చేతి అంకెలు నేను గుర్తు పట్టనా. ఎవరో కొత్త యజమాని మొత్తం ట్రక్కుకు ఒకే నీలం కొట్టించాడు. మేడం లెక్కలో చెప్పాలంటే, ఎక్కడా ఏ కష్టమూ లేని ట్రక్కు. నిండా బస్తాలతో కిర్రుమంటోంది.

వెనక ఎడమ మూలకు వెళ్ళి గోటితో గీకాను. నీలం కింద ఎరుపు అలాగే ఉంది.

"ఏంటండీ గీకుతున్నారు?" అన్నాడు డ్రైవరు.

"నిండు బండితో వచ్చేటప్పుడు కాలవ ఏ వైపయ్యా?"

"ఎడం చేతి వైపండీ. ఏం?"

"ఏం లేదు. అయితే ఫర్వాలేదు, వెళ్ళు."

బస్సెక్కి కూర్చున్నాక ఇంటి నుంచి ఫోన్. నడుం ఎట్టా ఉందని అడిగింది మా ఆవిడ. బానే ఉంది, హాయిగా ఉంది అన్నాను. పై పూత వెయ్యటం మనకు చేతనైన పనే కదా.